మా బెనీతా వదిన చప్పట్లు

నా పెళ్ళిలో నా చెయ్యి ముందుగా పట్టుకున్నది నా మొగుడు కాదు, వాళ్ళక్క బెనీతా. అదీ ముద్దుగా కాదు. విందు మంచి ఊపు మీదుంది. వాళ్ళ చానో బాబాయి కళ్ళు మూసుకుని పాట ఎత్తుకున్నాడు. కొత్త పెళ్ళికూతుర్ని, ఉత్సాహం ఆగక టపటపా చప్పట్లు కొడుతున్నాను. బల్ల అవతలి నుంచి ఒక చెయ్యి వచ్చి నా మణికట్టు పట్టేసింది.

"అమ్మాయీ, ఆయన గొంతు తెరిచాడు. నువ్వు చెయ్యి ముయ్యి" అంది.

అంతమందిలో! నాకు తల కొట్టేసినట్టయింది. మాది పక్కనున్న ఆర్కోస్ ఊరు. మా ఊళ్ళో ఎంత గట్టిగా కొడితే అంత ప్రేమ. ఈ హెరెస్ ఊరివాళ్ళకి, అందులోనూ సంతియాగో పేట వాళ్ళకి, చప్పట్లకి కూడా శాస్త్రం ఏడిసిందని నాకేం తెలుసు? ఆ కోపం రెండేళ్ళు మోశాను. అబద్ధం ఎందుకు, ఇప్పటికి నలభై ఏళ్ళయింది, అడుగున ఇంకా కాస్త ఉంది.

అయినా మా వదిన గురించి చెప్పాలంటే నేనే చెప్పాలి. మా పాట ఒకటి దేశమంతా మోగినప్పుడు పేపరు వాళ్ళొచ్చి రాసుకుపోయినవన్నీ పాట రాసినాయన గురించీ, పాడిన పిల్ల గురించీ. వదిన గురించి ఒక్క ముక్క ఉంటే ఒట్టు.

సంతియాగో పేటలో పుట్టినవాళ్ళు పాడతారు, లేదా ఆడతారు. రెండూ రానివాళ్ళు సిగ్గుతో తలొంచుకుంటారు. మా వదినకి గొంతు లేదు. నోరు తెరిస్తే తుప్పు పట్టిన గేటు తెరిచినట్టుంటుంది, ఆవిడే చెప్పుకుంటుంది. చిన్నప్పుడు జ్వరం తగిలి ఎడమ కాలు పొట్టిదైపోయింది, అందుకని ఆటా లేదు. మిగిలినవి రెండు చేతులు. వాళ్ళ నాన్న, అంటే మా మామగారు, చప్పట్లు కొట్టే మనిషి. పెద్దపెద్ద పాటగాళ్ళ వెనక కుర్చీలో కూర్చుని రాత్రుళ్ళు కొట్టి, పొద్దున్నే ద్రాక్షసారా పీపాలు చేసే పనికి పోయేవాడు. రికార్డుల అట్ట మీద పాడినాయన పేరుంటుంది, గిటారు వాయించినాయన పేరుంటుంది, కింద చిన్న అక్షరాల్లో "చప్పట్లు" అని ఉంటుంది. ఎవరి చప్పట్లు? ఆకాశం లోంచి రాలాయా? అడిగినవాడు లేడు.

ఆ నాన్నే ఈవిడకి నేర్పాడు. అరచెయ్యి గుల్లగా చేసి కొడితే మూసిన చెయ్యి, దాని చప్పుడు దుప్పటి కింద గుండె కొట్టుకున్నట్టు ఉంటుంది. నాలుగు వేళ్ళతో అరచేతిని కొడితే తెరిచిన చెయ్యి, అది పగిలిన పింగాణీలా ఖంగుమంటుంది. మనిషి పాడుతుంటే మూసిన చెయ్యి. గిటారుకీ, ఆటకీ తెరిచిన చెయ్యి. ఇంతే శాస్త్రం. కానీ ఆ "ఇంతే" తప్పినందుకు మా మామగారు తమ్ముణ్ణి పోగొట్టుకున్నంత పని చేశాడు.

ఎవరో ద్రాక్షసారా కంపెనీ యజమాని కొడుకు ఇంట్లో విందు. చానో బాబాయి పాడుతున్నాడు, మామగారు మూసిన చేత్తో కొడుతున్నాడు. తాగి ఉన్న ఆ చిన్నదొర "ఏయ్, నీకు తిండి పెట్టింది దేనికి? చప్పుడు వినబడట్లేదు, గట్టిగా కొట్టు" అన్నాడు. మామగారు కొట్టాడు. తమ్ముడి గొంతు మీదే తెరిచిన చెయ్యి కొట్టాడు. చానో బాబాయి పాట సగంలో ఆపి, టోపీ పెట్టుకుని వెళ్ళిపోయాడు. మూడేళ్ళు అన్నతో మాట లేదు. మామగారు ముసలితనంలో కూతురితో అనేవాడట, "నా జన్మలో చేసిన దొంగతనం అదొక్కటేనే తల్లీ. వాడి గొంతు వాడి నోట్లోంచే లాక్కున్నాను" అని.

ఇదంతా నాకు వదిన చెప్పింది లేబుళ్ళ బల్ల దగ్గర. మా ఇద్దరి పనీ ఒక్కచోటే, ద్రాక్షసారా సీసాలకి లేబుళ్ళు అంటించడం. ఎనిమిది మంది ఆడవాళ్ళం, ఒక పొడుగాటి బల్ల, జిగురు గిన్నెలు. జిగురు రాయి, కాగితం పెట్టు, గుడ్డతో నొక్కు, సీసా తిప్పు. వదిన ఆ పనికి కూడా తాళం పెట్టింది. పన్నెండు దెబ్బల తాళం, మా పేట తాళం. లెక్క ఒకటి దగ్గర మొదలవదు, పన్నెండు దగ్గర మొదలవుతుంది. ఎందుకని అడగకండి, నేనూ అడిగి తిట్లు తిన్నాను. రెండేళ్ళు పట్టింది నాకు అది ఎక్కడానికి. ఎక్కాక ఒకరోజు వదిన అంది, "ఇదిగో, నేను తాళం కొడతాను. నువ్వు సందుల్లో దూరు."

చప్పట్లు ఒక్కరివి చాలవు. ఒకరు దెబ్బ మీద కొట్టాలి, ఇంకొకరు రెండు దెబ్బల మధ్య కొట్టాలి. అప్పుడే అది గుర్రం పరిగెత్తినట్టు ఉంటుంది. అప్పట్నుంచీ మేమిద్దరం జంట. పేటలో ఏ పెళ్ళైనా, బారసాలైనా మూలన రెండు కుర్చీలు మావి. "పెళ్ళెందుకు చేసుకోలేదు వదినా?" అని ఒకసారి అడిగాను. "ఒకడొచ్చాడే. మంచివాడే. మా చెల్లెలి పెళ్ళిలో వాడు చప్పట్లు కొట్టడం చూశాను. పంపేశాను" అంది. నవ్వుకుంటూ చెప్పింది గానీ వేళాకోళం కాదది.

ఇక మార్సెలా సంగతి. మేమందరం ఒకే వాకిలి చుట్టూ ఉన్న ఇళ్ళలో ఉండేవాళ్ళం. మార్సెలా పుట్టింది మా ఎదుటి గుమ్మంలో. పాకే వయసునుంచీ వదిన ఒళ్ళోనే. వదిన చేతులు కొడుతుంటే దాని మీద ఎక్కి పాడటం నేర్చుకుంది పిల్ల. పదిహేడేళ్ళకి మాద్రిద్ పోయింది, పొట్టి గౌను వేసింది, పాప్ పాటలు పాడింది. పేట సగం ముక్కు మీద వేలేసుకుంది, సగం గౌను కుట్టిన దర్జీ ఎవరని అడిగింది.

అక్కడ డాన్ ఒక్తావియో అని పాటలు కట్టే పెద్దమనిషి దానికోసం ఒక పాట కట్టాడు. "గుమ్మం దాటి రా" అని. గుమ్మంలో నిలబడి మొహమాటపడుతున్న పిల్లాణ్ణి, కాఫీ చల్లారిపోతోంది, లోపలికి రారా మగడా అని పిలిచే పాట. పైకి పాప్ పాటే. అడుగున నడిచేది మాత్రం మా పన్నెండు దెబ్బల తాళం, ఎందుకంటే మార్సెలాకి వేరే నడక రాదు. స్టూడియోలో డ్రమ్ములవాడు నాలుగు రోజులు కుస్తీ పట్టి చేతులెత్తేశాడట. "మా బెనీతా అత్తనీ అంపారో అత్తనీ పిలవండి" అంది పిల్ల. అంపారో అంటే నేనే. రైలెక్కి పోయాం, ఒక మధ్యాహ్నం కొట్టి వచ్చేశాం. అట్ట మీద ఏం రాశారో మీకు చెప్పక్కర్లేదు.

ఆ పాట దేశాన్ని ఊపేసింది. ఆ ఏడు అంతర్జాతీయ పాటల పోటీకి మన దేశం తరఫున దాన్నే పంపుతున్నామని టీవీలో చెప్పారు. పోటీ ఎక్కడో ఉత్తరాన, మే నెలలో కూడా మంచు కురిసే దేశంలో. వేదిక మీద ఆరుగురికి మించకూడదు, పాట మూడు నిమిషాలు దాటకూడదు. మార్సెలా, కోరస్ అమ్మాయిలు ముగ్గురు, వదిన, నేను. సరిగ్గా ఆరుగురం.

మా పేట సంగతి చూడాలి! టీవీలకి రంగులు కొత్తగా వచ్చిన రోజులవి. మా బారు నడిపే ఆయన పట్నం పోయి రంగుల టీవీ కొనుక్కొచ్చి ఫీనో సారా పీపాల మీద దేవుడి పటంలా పెట్టాడు. పాటగాళ్ళు, ఆటగాళ్ళు, చానో బాబాయి కొడుకులు, అందరూ మమ్మల్ని బస్సు దాకా సాగనంపారు. "బెనీతా, టీవీలో నీ మొహం చూపించరే, కనీసం చేతులు వినిపించు!" అని అరిచాడు ఎవడో. "వింటావురా, చెవులు కడుక్కుని కూర్చో" అంది వదిన. నవ్వుతూనే అంది గానీ బస్సు కదిలాక ఆవిడ చేతులు ఒళ్ళో ఒకదాన్నొకటి పట్టుకుని ఉన్నాయి. యాభై నాలుగేళ్ళ మనిషి. ఆ వంశంలో మూడు తరాలు మూలన కూర్చుని కొట్టారు, ఆ చేతుల్ని వినడానికని పేటంతా పనిగట్టుకుని కుర్చీలు వేసుకుని కూర్చోవడం ఇదే మొదటిసారి.

అక్కడి తిండి గురించి చెప్పను. చేపకి పంచదార వేస్తారు, అంతే చెబుతాను. వదిన తెచ్చుకున్న రొట్టె, నూనె సీసా, ఎండబెట్టిన పంది మాంసం మమ్మల్ని బతికించాయి.

మొదటి రిహార్సల్ రోజు. అరగంటే ఇస్తారు ఒక్కో దేశానికి. పెద్ద హాలు, ముందు వాద్యబృందం, ఎదురుగా గాజు గదిలో శబ్దం చూసుకునే మనిషి. ఎర్ర గడ్డం, నా మొగుడికి రెండింతల ఎత్తు. పాట మొదలైంది. తెరిచిన చేత్తో మేం ఎత్తుకున్నాం, మార్సెలా నోరు తెరవగానే మూశాం. అంతే, ఎర్రగడ్డం పాట ఆపించాడు. మైకు మార్చాడు. మళ్ళీ మొదలు. మళ్ళీ అదే చోట ఆపాడు, ఇంకో మైకు తెచ్చాడు. మూడోసారి మా చప్పుడు తగ్గగానే ఏదో బొత్తాం పైకి తిప్పాడట. తర్వాత కోరసూ వాద్యాలూ కలిసి హోరెత్తే పల్లవిలో మేం చేతులు తెరవగానే చెవులకి పెట్టుకున్నవి పీకి పారేసి వాళ్ళ భాషలో ఒక మాట అన్నాడు. అర్థం కాలేదు గానీ మంచి మాట మాత్రం కాదు.

డాన్ ఒక్తావియో చెమట తుడుచుకుంటూ వచ్చాడు. "బెనీతా, మీ చప్పట్లు మధ్యలో మాయమైపోతున్నాయంటున్నాడు."

"మాయమవడమేంటయ్యా? మార్సెలా పాడుతోంది."

"పాడుతుంది మరి! ఇది పాటల పోటీ!"

"అందుకే కదా" అంది వదిన.

"చూడమ్మా, ఇవన్నీ మీ వాకిట్లో బాగుంటాయి. ఇక్కడ లెక్క వేరు. మొదట్నుంచి చివరిదాకా ఒకే జోరు, గట్టిగా కొట్టాలి. అది కుదరకపోతే ఇక్కడి డ్రమ్ములాయన ఉన్నాడు, ఆయన వాయిస్తాడు. మీరిద్దరూ ఊరికే చేతులు కదపండి, ఒకదానికొకటి తగలకుండా. టీవీలో తేడా తెలీదు. ముప్పై దేశాలు చూస్తాయి, మూసిన చెయ్యేంటో తెరిచిన చెయ్యేంటో ఎవరికి తెలుసు?"

"మా పేటకి తెలుసు" అని వదిన కుంటుకుంటూ దిగిపోయింది.

హోటల్ గదిలో మాకు పెద్ద గొడవ. నేనే పెట్టుకున్నాను. "వదినా, మూడు నిమిషాలు! ఆయన చెప్పినట్టు కొట్టేసి పోదాం. కందకు లేని దురద కత్తిపీటకెందుకు? పిల్ల కూడా ఏమీ అనలేదు కదా!"

"పిల్లకి పంతొమ్మిదేళ్ళు. మాద్రిద్ వాళ్ళకి భయపడుతుంది. దాని గొంతు సన్నం అంపారో, ఆ రెండో చరణంలో పువ్వు రెక్కంత ఉంటుంది. దాని మీద చెప్పులేసుకుని నడవమంటావా?"

"మరి ఊరికే చేతులాడిద్దాం."

"బొమ్మనా నేను?"

"అక్కడ బారులో నీ చేతుల కోసం అందరూ కాచుక్కూర్చుంటారే!"

"అదేనే నా ఏడుపు!" అంది. కళ్ళు తుడుచుకుంది. "కొట్టకపోతే నేను లేను. ఆయన చెప్పినట్టు కొడితే, మా నాన్న చేసిన పనే నేను ముప్పై దేశాల ముందు చేసినట్టు. బెనీతా మార్సెలా గొంతు తొక్కేసిందని వాళ్ళందరూ వింటారు. ఆ తర్వాత నేను ఏ పెళ్ళిలో కూర్చోగలను చెప్పు?"

రొట్టె ముక్క నూనెలో ముంచి ఇచ్చాను, తినలేదు. పోట్లాడుకుంటే మాటలు దొరుకుతాయి గానీ ఏడిస్తే నాకేం చెయ్యాలో తోచదు. పక్కన కూర్చున్నాను.

మర్నాడు ఆఖరి రిహార్సల్. డ్రమ్ములాయన కూర్చున్నాడు. వేదిక మీద మాకు గీసిన గుర్తుల్లో మేం నిలబడ్డాం. డాన్ ఒక్తావియో వాద్యబృందాన్ని నడిపే కర్ర ఎత్తాడు. నేను గాల్లో చేతులు ఆడించాను, సిగ్గుతో చచ్చిపోతూ. వదిన మాత్రం రెండు చేతులూ పొట్ట మీద కట్టుకుని, చర్చిలో నిలబడ్డట్టు నిలబడింది.

మార్సెలా ఎత్తుకోవాల్సిన చోట ఎత్తుకోలేదు. ఒకటిన్నర దెబ్బ ఆలస్యంగా ఎక్కింది, పాట జారిపోయింది. ఆపారు. రెండోసారి నోరు తెరిచింది, ఊపిరి తప్ప ఏమీ రాలేదు. వెనక్కి తిరిగి వదిన చేతుల వంక చూసింది. పిల్ల కళ్ళల్లో నీళ్ళు. "అత్తా, నేనెక్కడ ఎక్కాలి? నాకు మెట్టు కనబడట్లేదు!"

"ఆడలేక మద్దెల ఓడు అంటారమ్మా మార్సెలా, నువ్వు కాస్త శ్రద్ధ పెట్టు" అన్నాడు డాన్ ఒక్తావియో. పాపం, ఆయన పరువూ అరచేతిలోనే ఉంది మరి.

అప్పుడు డ్రమ్ములాయన పుల్లలు కింద పెట్టేశాడు. లేచి, వదిన వైపు చెయ్యి చూపించి, నెమ్మదిగా ఏదో అన్నాడు. డాన్ ఒక్తావియో అది మాకు చెప్పడానికి కాసేపు మొహమాటపడ్డాడు. చివరికి చెప్పాడు. "ఈ లెక్క నాకు అందదు, అది వాళ్ళది, వాళ్ళకే ఇచ్చెయ్యమంటున్నాడు." నిజాయితీగల మనిషి. ఏ దేశమైనా వాయించేవాడికి వాయించేవాడి సంగతి తెలుస్తుంది.

గాజు గదిలోంచి ఎర్రగడ్డం దిగొచ్చాడు, ఇప్పుడేం గొడవ అన్న మొహంతో. వదిన ఆయన్ని చూసింది. మార్సెలాని చెయ్యి పట్టి లాక్కొచ్చి ఆయన ముందు నిలబెట్టింది. "పాడవే, రెండో చరణం, మెల్లగా." పిల్ల పాడింది. వదిన ఆయన చెవి పక్కన తెరిచిన చెయ్యి కొట్టింది. మనిషి ఉలిక్కిపడి వెనక్కి గెంతాడు. "మళ్ళీ పాడు" అని ఈసారి మూసిన చెయ్యి కొట్టింది. ఆయన తల ఒక పక్కకి వాల్చాడు. పిల్ల గొంతు ఆ చప్పుడు మీద, నీళ్ళ మీద పడవలా పోతోంది. నాలుగు వరుసలు విన్నాడు.

"ఆ!" అన్నాడు. ఒక్క అక్షరం. ఆ తర్వాత వదిన చెయ్యి తీసుకుని తిప్పి చూశాడు, జిగురుతో గట్టిపడిన ఆ అరచేతిని, యంత్రం లోపల ఏముందో చూసినట్టు. తానే స్వయంగా మైకు తెచ్చి మా ఇద్దరి మధ్య రొమ్ము ఎత్తులో పెట్టాడు. పైకెళ్ళి ఆ బొత్తాం మీద ప్లాస్టరు ముక్క అంటించి, ఎవరూ ముట్టుకోకూడదని వేలు చూపించి చెప్పడం మేం కిందనుంచి చూశాం. మూడోసారి మార్సెలా మొదటి అడుగులోనే ఎక్కింది. పాట పూర్తయ్యేసరికి డాన్ ఒక్తావియో కళ్ళద్దాలు తీసి తుడుచుకుంటున్నాడు. "సరే, మీ వాకిలి లెక్కే" అన్నాడు.

పోటీ సాయంత్రం మాది పదకొండో పాట. పక్కనుంచి చూస్తున్నాం కదా, నాకొకటి కనబడింది. ఆ ఊరి జనానికి ప్రతి పాటకీ చప్పట్లు కొట్టే అలవాటు. ఏ పాటైనా ఒకటే కొట్టుడు, ఒకటి రెండు, ఒకటి రెండు, సిపాయిలు నడిచినట్టు. నాలుగు వేల మంది! "వదినా, వీళ్ళు మన పాటకి కూడా..." అన్నాను. "ప్రేమతోనే కొడుతున్నార్లే" అంది. ఆవిడ మొహం మాత్రం తెల్లబడింది.

అనుకున్నంతా అయింది. మొదటి చరణం దాకా బుద్ధిగా ఉన్నారు. పల్లవిలో మా చేతులు తెరుచుకున్నాయో లేదో, హాలంతా అందుకుంది. ఒకటి రెండు, ఒకటి రెండు. పన్నెండు దెబ్బల మీద ఈ కవాతు పడితే ఏం మిగుల్తుంది? పల్లవి దాటి రెండో చరణం వస్తోంది. మార్సెలా గొంతు సన్నబడే చోటు. నాలుగు వేల మంది తెరిచిన చేతులు ఆగట్లేదు. డాన్ ఒక్తావియో కర్ర ఆడిస్తున్నాడు గానీ కళ్ళు మా మీదే ఉన్నాయి.

వదిన కదిలింది. గుర్తు దాటకూడదని వందసార్లు చెప్పారు, కెమెరాలు లెక్క తప్పుతాయని. మూడు కుంటి అడుగులు వేసి మార్సెలా పక్కకి, వెలుగులోకి వచ్చేసింది. రెండు చేతులూ తలకంటే పైకెత్తింది. అక్కడ, అందరికీ కనబడేలా, అరచేతులు గుల్ల చేసి మూసింది. మూసి కొట్టింది. జనం వైపు చూసిన ఆ చూపు నాకు తెలుసు, తిట్టు కాదు, బతిమాలడమూ కాదు. పిల్ల గొంతు తెరుస్తోంది, కాస్త చూసుకోండి అన్న చూపు.

ముందు వరుసలో మెడకి సీతాకోకచిలుక లాంటి టై కట్టుకున్న లావాటాయన మొదట చేతులు మూశాడు. పక్కనున్న ఆవిడ ఆయన్ని చూసి మూసింది. ఆ తర్వాత వరుస, ఆ పై వరుస. మూసిన చేతుల చప్పుడు హాలు వెనక్కి పాకుతూ పోయింది. తాళం తప్పే, ఒప్పుకుంటాను, కానీ మెత్తగా, ఎక్కడో దూరంగా వాన పడుతున్నట్టు. కాసేపటికి అదీ ఆగిపోయింది. మార్సెలా పాడింది. అమ్మో, ఎలా పాడిందో! "గుమ్మం దాటి రా, కాఫీ చల్లారుతోంది" అన్న ఆ మామూలు మాటకి నా ఒళ్ళంతా జలదరించింది. చివరి పల్లవికి వదిన చేతులు తెరిచింది. హాలు కప్పు ఎగిరిపోయింది.

గెలిచాం. ఆఖరి దేశం ఓట్లు చదివేదాకా గెలవలేదు, చదివాక నాలుగు పాయింట్లతో గెలిచాం. కోరస్ అమ్మాయిలు కీచుమని అరిచారు, డాన్ ఒక్తావియో నన్ను ముద్దు పెట్టుకున్నాడు, అది మా ఆయనకి ఇంతవరకూ చెప్పలేదు. గెలిచినవాళ్ళు పాట మళ్ళీ పాడాలి, తర్వాత వ్యాఖ్యాత వెండి గిన్నె చేతికిస్తాడు, అదీ పద్ధతి. పాడాం. ఈసారి హాలు మొదట్నుంచే మా వదిన చేతుల్ని చూస్తూ కూర్చుంది.

ఇక్కడే మా వాళ్ళు తప్ప ఎవరూ చెయ్యని తప్పు చేశాం. మా పేటలో ఈ తాళం పాట ఆపి ముగించరు. పాడేవాళ్ళు పాడుతూ పాడుతూ వెనక్కి తిరిగి నడిచి వెళ్ళిపోతారు, చప్పట్లవాళ్ళు వెనకే పోతారు. పిల్ల పుట్టినప్పట్నుంచీ చూసింది అదే. సంతోషంతో మతిపోయిన మార్సెలాకి టీవీ గుర్తులేదు, మూడు నిమిషాలు గుర్తులేదు, వెండి గిన్నె అసలే గుర్తులేదు. మైకు వదిలేసి, వాద్యబృందం ఆఖరి దెబ్బ కొట్టాక కూడా పాడుతూ, తెర పక్కనుంచి వెళ్ళిపోయింది. పాడేవాళ్ళు కదిలితే మేం ఆగుతామా? కొడుతూ వెనకే పోయాం. వడ్రంగులు, దీపాలవాళ్ళు, వంటామె, అందరూ నోళ్ళు తెరుచుకుని చూస్తుండగా నడవాలో నడిచి, వెనక తలుపు దాకా వెళ్ళాం. అక్కడ వ్యాఖ్యాత గిన్నె చంకలో పెట్టుకుని రొప్పుతూ పరిగెత్తుకొచ్చి మమ్మల్ని పట్టుకున్నాడు.

తెల్లారి బారుకి ఫోన్ చేశాం. పేట మొత్తానికి ఫోన్ అదొక్కటే. మా ఆయన ఎవుసేబియో ఎత్తాడు, రాత్రి అక్కడే పడుకున్నట్టున్నాడు. వదిన హలో అనలేదు, గెలిచాం అనలేదు.

"ఒరేయ్, పిల్ల గొంతు వినబడిందా?"

"ప్రతి మాటా వినబడింది అక్కా!" నేను చెవి ఆనించి వింటున్నాను.

"నా చప్పట్లు దాని మీద పడ్డాయా? నిజం చెప్పు. బారులో వాళ్ళేమనుకున్నారు?"

మా ఆయన గొంతు తగ్గించాడు. "అక్కా, చివర్లో మీరు వెళ్ళిపోయారు కదా. ఏం చూపించాలో తెలీక వాళ్ళు ఖాళీ వేదికే చూపించారు. మనిషి లేడు. పాట కూడా దూరమైపోయింది. మీ మైకు ఆపలేదేమో, నీ చేతులొక్కటే వినబడ్డాయి. నిమిషం సేపు, అక్కా! ఎవరూ గ్లాసు కదపలేదు. చానో బాబాయి పెద్దకొడుకు టోపీ తీసి లేచి నిలబడ్డాడు, అందరూ లేచారు. టీవీలో ఏమీ లేదు. నీ చేతులకే నిలబడ్డారు."

వదిన ఫోను రెండు చేతుల్తో పట్టుకుంది. గడ్డం కింద నీళ్ళు కారుతున్నాయి, తుడుచుకోలేదు. నాకూ ఏడుపొచ్చేసింది. కానీ నా నోరు ఊరుకుంటుందా? "నావి కూడా ఉన్నాయయ్యోయ్ ఆ చప్పట్లలో!" అని పక్కనుంచి అరిచాను.

మా ఆయన నవ్వాడు. వదిన నవ్వలేదు. నా వైపు చూసి, ముక్కు చీదుకుని, ఫోనులోకి గట్టిగా, ఒక్కో మాటా విడదీసి చెప్పింది.

"ఒరేయ్, అక్కడ ఎవరెవరున్నార్రా? అందరికీ వినబడేట్టు చెప్పు. ఆ చేతులు నావొక్కదానివే కాదు. ఇంకో రెండు చేతులు అంపారోవి. చప్పట్లు అని ఊరుకోవద్దు. అంపారో అని పేరు పెట్టి చెప్పు. చెప్పి రా, నేను లైన్లోనే ఉంటాను."